24, 29.97, 48 వేలు: ఈ సినిమా అంకెలు ఎక్కడ పుట్టాయి, వాటిలో ఏవి ఇంకా పాటించాలి

మీరు అడిగింది క్లుప్తంగా ఇది. ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్ తెరిస్తే 23.976, 24, 25, 29.97 అని వరసగా ఫ్రేమ్ రేట్లు కనిపిస్తున్నాయి. షట్టర్ 180 డిగ్రీలు పెట్టమంటున్నారు, ఆడియో 48 కిలోహెర్ట్జే కావాలంటున్నారు, బొమ్మకి రెండు సెకన్ల ముందు ‘పాప్’, అంటే ఒక్క ఫ్రేము పాటు మోగే బీప్, పెట్టి పంపమంటున్నారు. ఇవన్నీ ఎవరు పెట్టిన రూల్స్? కంటికి 24 ఫ్రేములు చాలు కాబట్టే 24 అయిందా? పనిలో పనిగా, మీ 20 నిమిషాల షార్ట్ ఫిల్ముకి మిక్స్ అయి వచ్చిన సౌండ్ మొదట్లో సరిగ్గా కూర్చుని, చివరికొచ్చేసరికి సెకను పైచిలుకు ముందుకు పోతోందని కూడా రాశారు.

సూటిగా చెప్తాను. వీటిలో దాదాపు ఏదీ కన్నునో చెవినో పరీక్షించి తేల్చిన అంకె కాదు. అప్పట్లో చేతిలో ఉన్న మోటారు, ఫిల్ము అడుగులు, కరెంటు సైకిళ్లు, వీడియో టేపు, ఒక చోట ఏకంగా కోర్టు తీర్పు, వీటి వల్ల వచ్చాయి. యంత్రాలు పోయాయి, అంకెలు మిగిలాయి. అలాగని అన్నీ పక్కన పడేసేవి కావు. 24, 48 కిలోహెర్ట్జ్, క్లాప్, పాప్ ఈరోజుకీ పని చేసేవే. 29.97 మాత్రం అడిగినవాళ్లకి తప్ప మీకై మీరు ఎంచుకోవాల్సింది కాదు. ఇక మీ సింక్ (బొమ్మకీ శబ్దానికీ పొత్తు) సమస్య 23.976కీ 24కీ మధ్య ఉన్న తేడాయే. అది కింద విడిగా రాశాను.

24 ఎలా వచ్చింది

మూకీల కాలంలో కెమెరాని చేత్తో తిప్పేవారు. సెకనుకి రెండు చుట్లు, చుట్టుకి ఎనిమిది ఫ్రేములు, మొత్తం 16. 35 ఎం.ఎం. ఫిల్ములో అడుగుకి సరిగ్గా 16 ఫ్రేములు పడతాయి కాబట్టి సెకనుకి అడుగు, నిమిషానికి 60 అడుగులు. కాగితం మీద ముచ్చటైన లెక్కే గానీ థియేటర్లో ఎవరూ ఖాతరు చేయలేదు. తీసిన వేగం ఒకటి, వేసే వేగం ఇంకొకటి. ఆటలు ఎక్కువ పడాలంటే ప్రొజెక్టర్ని ఇంకాస్త జోరుగా నడిపేవారు. బొమ్మకి శబ్దం లేనంత కాలం ఇది చెల్లింది.

1926లో వార్నర్ బ్రదర్స్ బొమ్మకి శబ్దం జోడించే వైటాఫోన్ పద్ధతి తెచ్చినప్పుడు ఇక చెల్లలేదు. శబ్దం వేగం మారితే శ్రుతి మారుతుంది, ఆ తేడా ఎవరికైనా వెంటనే తెలిసిపోతుంది. ఏదో ఒక వేగాన్ని ఖాయం చేయాలి. వెస్టర్న్ ఎలక్ట్రిక్‌లో ఆ పని చూసిన స్టాన్లీ వాట్కిన్స్ బృందం, థియేటర్లలో వాస్తవంగా ఎంత వేగంతో నడుపుతున్నారో వాకబు చేసింది. పెద్ద థియేటర్లలో నిమిషానికి 80 నుంచి 90 అడుగులు, చిన్నవాటిలో 100, ఆ పైన. రెండిటికీ మధ్యన ఉన్న 90 పట్టుకున్నారు. 90ని 16తో గుణించి 60తో భాగించండి, 24 వస్తుంది. అంతే సంగతి.

‘శబ్దం బాగా రావాలంటే కనీసం 24 కావాలి, అంతకన్నా పెంచితే ఫిల్ము ఖర్చు, అందుకే 24’ అని చాలా చోట్ల రాస్తుంటారు. వినడానికి బాగుంటుంది, కానీ వైటాఫోన్‌లో శబ్దం ఫిల్ము మీద లేదు, విడిగా గ్రామఫోన్ రికార్డు మీద ఉంది. ఫిల్ము ఎంత వేగంగా నడిచినా రికార్డు నాణ్యత మారదు. కావలసింది ఎక్కువ వేగం కాదు, మారని వేగం. శబ్దాన్ని ఫిల్ము అంచున ముద్రించే పద్ధతి స్థిరపడేసరికి 24 అప్పటికే ఖాయమైపోయింది.

ఇక్కడే ఇంకో అంకె కూడా పుట్టింది. వెయ్యి అడుగుల రీలు నిమిషానికి 90 అడుగుల లెక్కన 11 నిమిషాలు ఆడుతుంది. అంతసేపు ఆగకుండా రావాలంటే అప్పటి 78 చుట్ల రికార్డు సరిపోదు. అందుకని 16 అంగుళాల రికార్డు చేసి నిమిషానికి 33⅓ చుట్లకి తగ్గించారు. 1948లో కొలంబియా తెచ్చిన ఎల్పీ రికార్డు తిరిగేది ఆ వేగంతోనే. సినిమా రీలు పొడవు పాటల రికార్డు వేగాన్ని నిర్ణయించిందన్నమాట.

మరి కంటి సంగతి? కన్ను పట్టించుకునేది ఫ్రేముల్ని కాదు, వెలుగు ఆరి వెలిగే మినుకుని. సెకనుకి 24 సార్లు మాత్రమే వెలిగి ఆరితే కళ్లు లాగేస్తాయి. అందుకే ప్రొజెక్టర్లో రెండు రెక్కల షట్టర్ ఉంటుంది. ఒక్కో ఫ్రేమునీ రెండుసార్లు చూపిస్తుంది, 48 వెలుగులు. 16 ఫ్రేముల కాలంలో మూడు రెక్కలు వాడేవారు, అదీ 48. కాబట్టి కంటి అంకె అంటూ ఒకటి చెప్పుకోవాలంటే అది 48 దగ్గరలో ఉంటుంది, 24 కానే కాదు.

180 డిగ్రీల షట్టర్

ఇది ఇంకా సాదా సంగతి. కెమెరాలో ఫిల్ము ఆగి ఆగి కదులుతుంది. ఫ్రేము నిలబడ్డప్పుడు వెలుగు పడాలి, కిందికి లాగేటప్పుడు చీకటి ఉండాలి. లెన్సుకీ ఫిల్ముకీ మధ్య ఒక అర్ధచంద్రాకారపు పళ్లెం తిరుగుతుంది. సగం చుట్టు తెరిచి, సగం చుట్టు మూసి. ఆ సగమే 180 డిగ్రీలు. 24 ఫ్రేముల దగ్గర ఎక్స్‌పోజర్ సెకనులో 48వ వంతు అవుతుంది. కదిలే చెయ్యి కొంచెం చెదిరినట్టు కనిపించడం దాని ఫలితమే. వందేళ్లుగా అదే చూసి చూసి ‘సినిమా లుక్’ అనేశాం. డిజిటల్ సెన్సారుకి ఫిల్ము లాగే పని లేదు, 359 డిగ్రీలైనా తెరవగలదు.

ఈ రూల్‌ని గుడ్డిగా పట్టుకుంటే దెబ్బ తినేది మాత్రం లైట్ల దగ్గర. 50 హెర్ట్జ్ కరెంటు ఉన్నచోట మామూలు ట్యూబులైటు సెకనుకి 100 సార్లు మిణుకుతుంది. 24 ఫ్రేములు, 180 డిగ్రీలు పెడితే ఒక్కో ఫ్రేములో రెండు మిణుకులూ ఇంకో చిన్న ముక్కా పడతాయి. ఆ ముక్క ఒక ఫ్రేములో వెలుగు భాగం అవుతుంది, ఇంకో ఫ్రేములో చీకటి భాగం. దాంతో గోడ సెకనుకి నాలుగుసార్లు మెల్లగా ఊపిరి తీసినట్టు కనిపిస్తుంది. మానిటర్ మీద గమనించరు, గ్రేడింగ్‌లో, అంటే రంగులు సరిచేసేటప్పుడు, కూర్చున్నప్పుడు తల పట్టుకుంటారు.

50 హెర్ట్జ్ లైట్ల కింద 24 ఫ్రేములు తీస్తే షట్టర్ 172.8 డిగ్రీలు, అంటే సెకనులో 50వ వంతు, పెట్టండి. అప్పుడు ఏ ఫ్రేముకైనా సరిగ్గా రెండు మిణుకులే పడతాయి. 60 హెర్ట్జ్ ఉన్నచోట 24 ఫ్రేములకి 180తో ఈ ఊపిరి సమస్య రాదు, ఎందుకంటే 120 మిణుకులు 24తో నిశ్శేషంగా పోతాయి. అక్కడ కూడా ఫ్రేములో అడ్డచారలు కనిపిస్తే 144 డిగ్రీలకి దించండి. మసక చేసిన ఎల్‌ఈడీ లైట్లకి ఈ లెక్క పనికిరాదు. అవి కరెంటు సైకిల్‌తో కాకుండా తమ డిమ్మర్ వేగంతో మిణుకుతాయి. డిమ్మర్ నూరు శాతం పెట్టి, వెలుగుని గుడ్డతోనో ఫిల్టర్‌తోనో తగ్గించుకోండి.

29.97 గొడవ, మీ సింక్ సమస్య

అమెరికా టీవీ 1941లో సెకనుకి 30 ఫ్రేములతో, 525 గీతలతో మొదలైంది. అక్కడి కరెంటు 60 హెర్ట్జ్ కాబట్టి 60 ఫీల్డులు (ఒక్కో ఫీల్డు సగం ఫ్రేము), 30 ఫ్రేములు. 50 హెర్ట్జ్ దేశాల్లో అదే కారణానికి 25. అంతవరకూ గుండు అంకెలే. 1953లో రంగు వచ్చింది. పాత బ్లాక్ అండ్ వైట్ సెట్లు కూడా పనికొచ్చేలా రంగు సిగ్నల్‌ని ఉన్న సిగ్నల్ లోపలే ఇరికించారు. ఆ రంగు సిగ్నల్, 4.5 మెగాహెర్ట్జ్ దూరంలో ఉన్న శబ్దపు సిగ్నల్ కలిస్తే తెర మీద సన్నని జాలరులా కనిపించే ప్రమాదం ఉంది. గీతల వేగం శబ్దపు సిగ్నల్‌లో సరిగ్గా 286వ వంతు అయితే ఆ జాలరు కంటికి ఆనదు. అప్పటిదాకా 285.7వ వంతు ఉంది. శబ్దాన్ని కదిపితే ఇళ్లలో సెట్లు మూగబోతాయని, బొమ్మ వేగాన్నే వెయ్యికి ఒక వంతు తగ్గించారు. 30 కాస్తా 29.97 అయింది. 24ని ఆ టీవీలోకి ఎక్కించాలంటే దాన్నీ అంతే తగ్గించాలి. మీరు చూసే 23.976 అదే.

ఇప్పుడు మీ సినిమా. 20 నిమిషాలంటే 28,800 ఫ్రేములు. 24 వేగంతో 1200 సెకన్లు, 23.976 వేగంతో 1201.2 సెకన్లు. మీరు రాసిన సెకను పైచిలుకు ఇదే. మీ టైమ్‌లైన్ 23.976లో ఉంది, సౌండ్ సెషన్ 24లో తెరిచారు. అక్కడ గైడ్ వీడియో ఫ్రేముకి ఫ్రేము కూర్చుంది, ఎవరికీ అనుమానం రాలేదు. పైగా రెండు చోట్లా టైమ్‌కోడ్ 20 నిమిషాలనే చూపిస్తుంది, ఎందుకంటే టైమ్‌కోడ్ ఫ్రేముల్ని లెక్కపెడుతుంది, గడియారాన్ని కాదు. ఈ తప్పు ఇన్ని చోట్ల జరగడానికి అసలు కారణం ఇదే.

సరిచేయడం తేలిక. మిక్స్ ఫైలు వేగాన్ని 99.9001 శాతానికి తగ్గించండి. శ్రుతి మారేది అరస్వరంలో యాభయ్యో వంతుకి కూడా తక్కువ, ఏ సంగీత దర్శకుడూ పట్టలేడు. శ్రుతిని కాపాడే ఆప్షన్ ఆన్ చేయకండి. ఇంత చిన్న తేడాకి అది మేలు చేయకపోగా మాటల అంచుల్ని చెడగొడుతుంది. మాటల మధ్య ఖాళీల్లో కోసి కోసి జరపడం అసలే వద్దు.

సింక్ పోయినప్పుడు ముందు చూడాల్సింది తేడా ఎంత అని కాదు, పెరుగుతోందా లేదా అని. మొదటి నుంచి చివరిదాకా ఒకే తేడా ఉంటే ఫైలు పెట్టిన చోటు తప్పు, జరిపితే పోతుంది. వెయ్యి సెకన్లకి ఒక సెకను చొప్పున పెరిగితే 24, 23.976 గొడవ. సెకన్లు కాదు నిమిషాల్లో తేడా ఉంటే, అంటే నాలుగు శాతం చిల్లర, 24ని 25గా నడిపారు. వంద నిమిషాల సినిమా 96 నిమిషాలవుతుంది, గొంతులు కొంచెం సన్నబడతాయి. మాటలు సాగదీసినట్టు బొంగురుగా ఉండి నిడివి దాదాపు తొమ్మిది శాతం పెరిగితే 48 కిలోహెర్ట్జ్ ఫైలుని 44.1 అనుకుని చదువుతున్నారు. ఒక లెక్కా పత్రం లేకుండా కాసేపు ముందుకి, కాసేపు వెనక్కి పోతుంటే అది ఫోన్లో తీసిన ఫుటేజ్, ఫ్రేమ్ రేట్ నిలకడగా లేదు. ఎడిట్‌కి ముందే స్థిరమైన రేటులోకి మార్చుకోవాలి, ఎడిట్ అయ్యాక మార్చితే కట్‌లన్నీ కదులుతాయి.

44.1, 48

చెవి 20 కిలోహెర్ట్జ్ దాకా వింటుంది, సెకనుకి దానికి రెట్టింపు పైన కొంచెం శాంపిళ్లు, అంటే శబ్దపు కొలతలు, కావాలి, అక్కడిదాకా శాస్త్రం. 44,100 అనే చిల్లర మాత్రం వీడియో టేపుది. సీడీలు రాకముందు అంత డిజిటల్ డేటా పట్టే సామాన్యమైన యంత్రం వీడియో రికార్డరే. శబ్దపు శాంపిళ్లని తెల్లచుక్కలు, నల్లచుక్కలుగా మార్చి బొమ్మలా టేపు మీద రాసేవారు. గీతకి మూడు శాంపిళ్లు. 60 ఫీల్డుల టీవీలో వాడుకోదగ్గ గీతలు 245, 50 ఫీల్డుల టీవీలో 294. ఎటు గుణించినా 44,100. రెండు రకాల దేశాల్లోనూ నడిచే అంకె అది. 1982లో సీడీ దాన్నే తీసుకుంది.

సినిమాకి అది ఎందుకు వద్దంటే, 44,100ని 24తో భాగిస్తే ఫ్రేముకి 1837.5 శాంపిళ్లు. అర శాంపిల్ అనేది ఉండదు. 48,000 అయితే 24కి 2000, 25కి 1920, 30కి 1600. ఫ్రేము దగ్గర కోస్తే శబ్దం కూడా అక్కడే తెగుతుంది. పాటలు 44.1లో వస్తే టైమ్‌లైన్‌లో పడేసి వదిలేయకుండా ముందే మంచి కన్వర్టర్‌తో 48కి మార్చుకోండి.

లీడర్, పాప్

నాకు వీటన్నిటిలోకీ ముచ్చటగా అనిపించేది ఇదే. రీలు ముందు వచ్చే వెనక్కి లెక్కపెట్టే అంకెలు మీరు చూసే ఉంటారు. 1930 నాటి అకాడమీ లీడర్‌లో ఆ అంకెలు సెకన్లు కావు, అడుగులు. 11, 10, 9 అని మూడు దాకా వచ్చి ఆగుతాయి, ఆ తర్వాత నలుపు. ‘ఇంకా ఇన్ని అడుగులకి బొమ్మ’ అని ఆపరేటరుకి చెప్పడం. 1960ల్లో వచ్చిన కొత్త లీడర్‌లో గడియారం ముల్లు తిరుగుతూ 8 నుంచి 2 దాకా సెకన్లు వస్తాయి. రెండూ వేరనిపిస్తుంది గానీ లెక్క వేయండి. మూడు అడుగులంటే 48 ఫ్రేములు, అంటే రెండు సెకన్లు. పాత లీడర్‌లో 3, కొత్త లీడర్‌లో 2 ఉన్నది ఫిల్ము మీద ఒకే చోట. పాత లీడర్ మొదలయ్యేది బొమ్మకి 12 అడుగుల ముందు, అది 8 సెకన్లు. సౌండ్ వాళ్లు ఇప్పటికీ అడిగే లీడర్ నిడివి ఆ ఎనిమిది సెకన్లే.

పెట్టే పద్ధతి: బొమ్మ మొదటి ఫ్రేము 01:00:00:00 దగ్గర ఉండాలి. లీడర్ 00:59:52:00 దగ్గర మొదలవుతుంది. 00:59:58:00 దగ్గర ఒకే ఒక్క ఫ్రేము పాటు ‘2’ అంకె, దాని కింద అంతే నిడివి ఒక కిలోహెర్ట్జ్ టోన్. మైనస్ 20 డెసిబెల్స్ చాలు. టైమ్‌లైన్ సున్నా దగ్గర కాకుండా గంట దగ్గర మొదలుపెట్టేది కూడా పాత టేపు మెషీన్ల చలవే. సున్నాకి వెనక్కి వెళ్తే టైమ్‌కోడ్ 23:59 అవుతుంది, మెషీను దాన్ని రేపటి రాత్రి అనుకుని టేపు చివరి దాకా పరిగెత్తేది.

ఇక ముఖ్యమైన మాట: చివరి ఫ్రేము తర్వాత రెండు సెకన్లకి ఇంకో పాప్ పెట్టండి. మొదటి పాప్ చోటు తప్పుని పట్టిస్తుంది, చివరి పాప్ వేగం తప్పుని పట్టిస్తుంది. మీ మిక్స్‌కి చివరి పాప్ ఉండి ఉంటే ఆ 1.2 సెకన్ల తేడా ఫైలు దించుకున్న నిమిషంలోనే కనబడేది.

క్లాప్

బొమ్మ ఒక యంత్రంలో, శబ్దం ఇంకో యంత్రంలో పట్టడం మొదలయ్యాక రెండిటికీ ఉమ్మడి గుర్తు ఒకటి కావాల్సి వచ్చింది. కంటికీ చెవికీ ఒకే క్షణంలో తెలిసేది చప్పట్లు కాబట్టి రెండు కర్రలు. పైన ఏటవాలు నలుపు తెలుపు చారలు, వెలుగు ఎలా ఉన్నా కర్రలు కలిసిన చోటు తెలియడానికి. టైమ్‌కోడ్ ఉన్నా క్లాప్ కొట్టండి. టైమ్‌కోడ్ తప్పిందని చెప్పగలిగేది క్లాపే.

ఎడిటింగ్‌లో పట్టుకోవాల్సిన ఫ్రేము కర్రలు పూర్తిగా మూసుకున్న మొదటిది, దానికి ముందున్న చెదిరిన ఫ్రేము కాదు. షాట్ నంబరు చెప్పేది క్లాప్‌కి ముందు, తర్వాత కాదు. దగ్గరి షాట్లలో నటుల మొహం ముందు మెల్లగా తాటించండి. షాట్ చివర కొడితే బోర్డు తలకిందులుగా పట్టాలి. సౌండ్ లేకపోతే కర్రల మధ్య వేళ్లు పెట్టి చూపాలి, లేకపోతే అసిస్టెంట్ ఎడిటర్ లేని ఫైలు కోసం పూటంతా వెతుకుతాడు. ఇంకొకటి, శబ్దం 24వ వంతు సెకనులో పోయేది దాదాపు 14 మీటర్లే. వైడ్ షాట్‌లో మైకు అంత దూరంలో ఉంటే సింకే ఒక ఫ్రేము తప్పుతుంది. క్లాప్‌కి దగ్గరున్న మైకు ట్రాక్‌తో కలపండి.

తెర కొలతలు మీరు చివర్లో అడిగారు, గబగబా చెప్తాను. 16:9 టీవీ వాళ్ల రాజీ. 1980ల్లో కెర్న్స్ పవర్స్ అనే ఇంజనీరు అప్పటి తెర ఆకారాలన్నిటినీ ఒకే వైశాల్యంతో గీసి ఒకదాని మీద ఒకటి పేర్చాడు. అన్నిటినీ కప్పే చట్రం, అన్నిటికీ ఉమ్మడిగా లోపల మిగిలిన చట్రం, రెండూ 1.77 (వెడల్పుని ఎత్తుతో భాగిస్తే వచ్చేది) దగ్గరే తేలాయి. స్కోప్‌ని, అంటే బాగా వెడల్పైన సినిమా తెరని, అందరూ 2.35 అంటారు గానీ 1970ల నుంచి అది 2.39. ఫిల్ము అతుకులు తెర మీద మెరవకుండా ఫ్రేము ఎత్తుని కాస్త కోశారు, నోటి అలవాటు మాత్రం మారలేదు. 1920 వెడల్పులో స్కోప్ కావాలంటే ఎత్తు 804 పెట్టండి, 803 పెడితే బేసి అంకె అని ఎన్‌కోడర్ మొరాయిస్తుంది. థియేటర్ కాపీకి 2048 × 858. టైటిల్స్ ఫ్రేములో లోపలి 80 శాతంలోనే ఉండాలన్నది గాజు ట్యూబు టీవీలు అంచుల్ని మింగేసే రోజుల రూల్, ఇప్పుడు 90 శాతం చాలు.

‘ఇందులోని పాత్రలు కేవలం కల్పితం’ అనే కార్డు గురించి కూడా అడిగారు. ఇది ఒక్కటే యంత్రం నుంచి రానిది. రష్యా జార్ కుటుంబానికి దగ్గరైన రాస్పుటిన్ మీద 1932లో హాలీవుడ్ కంపెనీ ఎంజీఎం సినిమా తీసింది. అతన్ని చంపినవాళ్లలో ఒకరైన యూసుపోవ్ భార్య ఇరీనా, సినిమాలోని రాకుమారి పాత్ర తనదేనని, తనని అవమానించారని లండన్‌లో దావా వేసింది. 1934లో ఆమెకి 25 వేల పౌండ్లు ఇవ్వాలని తీర్పొచ్చింది. ఆ సినిమా మొదట్లో, పాత్రల్లో కొందరు ఇంకా బతికే ఉన్నారని గొప్పగా వేసుకున్నారు. కొంప ముంచింది ఆ కార్డే. దానికి తిరగేసిన కార్డే ఇప్పుడు అందరూ వేస్తున్నది. కానీ ఆ తీర్పు చెప్పింది పేరు మార్చినా మనిషిని గుర్తుపట్టగలిగితే చాలని. కాబట్టి మీ కథలో బతికున్న మనిషిని ఊరు, ఉద్యోగం, సంఘటనలతో సహా దించేసి కింద కార్డు వేస్తే అది అడ్డుకోదు. స్క్రిప్టు దశలోనే ఆ వివరాలు మార్చుకోవాలి, లేదా ఆ మనిషి దగ్గర రాతపూర్వకంగా అనుమతి తీసుకోవాలి.